తమ్ముడికి ఎన్‌ఐటీలో సీటొచ్చింది, పాత కాలేజీ ఫీజూ ఇవ్వనంటోంది, ఒరిజినల్సూ ఇవ్వనంటోంది

పెద్దక్క_92 | 22 సెప్టెంబర్ 2024, ఉదయం 10:40

అందరికీ నమస్కారం. పెద్ద పోస్టు, కాస్త ఓపిగ్గా చదవండి, రెండు వారాలుగా ఇంట్లో ఎవరికీ నిద్ర లేదు. మా తమ్ముడు జూన్‌లో ఒక డీమ్డ్ యూనివర్సిటీలో బీటెక్ సీఎస్‌ఈలో చేరాడు. అప్పటికి ఐఐటీ, ఎన్‌ఐటీ సీట్లు ఇచ్చే జోసా కౌన్సెలింగ్ నడుస్తోంది, వాడి ర్యాంకుకి సీటు వస్తుందో రాదో తెలియదు, చేతిలో ఒకటన్నా ఉండాలని నాన్న మొత్తం ఫీజు కట్టేశారు. ట్యూషన్ 2,40,000, హాస్టలూ మెస్సూ కలిపి 1,15,000, కాషన్ డిపాజిట్ 10,000, మొత్తం 3,65,000. అందులో రెండు లక్షలు అమ్మ గొలుసూ గాజులూ బ్యాంకులో పెట్టి తెచ్చినవి.

ఆగస్టు 5న క్లాసులు మొదలయ్యాయి. అదే నెలలో, జోసా తర్వాత మిగిలిన సీట్లకి జరిగే సీశాబ్ స్పెషల్ రౌండ్‌లో తమ్ముడికి ఎన్‌ఐటీలో సీటు వచ్చింది. ఆగస్టు 21న హాస్టల్ ఖాళీ చేశాడు. అడ్మిషన్స్ ఆఫీసుకి వెళ్లి చెబితే "సరే బాబూ, ఏఓ గారు లేరు, తర్వాత రండి" అన్నారట. ఏఓ అంటే అక్కడి అడ్మినిస్ట్రేటివ్ ఆఫీసర్. అలా నాలుగుసార్లు తిప్పారు. మొన్న శుక్రవారం నాన్న వెళ్తే అసలు మాట బయటపెట్టారు, ట్యూషన్ ఫీజు ఒక్క రూపాయి కూడా రాదు, పైగా ఒరిజినల్స్ కావాలంటే రెండో ఏడాది ఫీజు కూడా కట్టాలి అని. చేరిన రోజు నాన్నతో ఒక అండర్‌టేకింగ్ మీద సంతకం పెట్టించుకున్నారు, మధ్యలో మానేస్తే మొత్తం కోర్సు ఫీజు కడతామని ఉందట అందులో. నాన్న చదవకుండానే పెట్టేశారు. రసీదు వెనక కూడా బూడిద రంగు అక్షరాల్లో "ఒకసారి చెల్లించిన ఫీజు ఎట్టి పరిస్థితుల్లోనూ వాపసు ఇవ్వబడదు" అని ఉంది, ఫోన్ లైటు వేసుకుని చూస్తే గానీ కనపడలేదు.

టెన్త్ మెమో, ఇంటర్ మెమో, టీసీ, స్టడీ సర్టిఫికెట్లు, కుల ధ్రువపత్రం అన్నీ వాళ్ల దగ్గరే ఉన్నాయి. ఎన్‌ఐటీ వాళ్లు రాతపూర్వకంగా హామీ తీసుకుని అక్టోబర్ 15 దాకా గడువు ఇచ్చారు. ఆ లోపు చూపించకపోతే ఉన్న సీటు కూడా పోతుందేమోనని భయం. ఎవరికైనా ఇలా జరిగిందా? ఏం చేశారు?

లెక్కల_మాస్టారు | 22 సెప్టెంబర్, ఉదయం 11:25

అమ్మా, ముందు ఒక్క ప్రశ్నకి జవాబు చెప్పు. సీటు వదులుకుంటున్నామని రాతపూర్వకంగా ఇచ్చారా? నోటిమాట కాదు. కాగితం గానీ, మెయిల్ గానీ.

పెద్దక్క_92 | 22 సెప్టెంబర్, ఉదయం 11:31

లేదండీ. ఏఓ గారు వచ్చాక ఫారం ఇస్తామన్నారు, ఆ ఫారం కోసమే తిరుగుతున్నాం.

లెక్కల_మాస్టారు | 22 సెప్టెంబర్, ఉదయం 11:58

అయితే ఈ పోస్టు చదవడం అయిపోగానే లేచి మెయిల్ పెట్టు. ఎందుకో చెబుతాను. ఈ 2024-25 విద్యా సంవత్సరానికి యూజీసీ, అంటే యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్, ఇచ్చిన ఆదేశం ప్రకారం 2024 సెప్టెంబర్ 30 లోపు అడ్మిషన్ రద్దు చేసుకున్నా, వేరే చోటికి మారినా ఫీజు మొత్తం తిరిగి ఇవ్వాలి. అక్టోబర్ 1 నుంచి 31 దాకా అయితే ప్రాసెసింగ్ కింద వెయ్యి రూపాయలకి మించి పట్టుకోకూడదు. అక్టోబర్ 31 దాటితే 2018 అక్టోబర్‌లో వచ్చిన పాత నోటిఫికేషన్ లెక్క మొదలవుతుంది, అది చాలా కఠినం. మీకు ఇంకా ఎనిమిది రోజులుంది. తమ్ముడు క్లాసులకి వెళ్లడం ఆగస్టులో మానేసినా, రేపు ఎక్కడైనా ఫిర్యాదు చేస్తే వాళ్లు అడిగేది "రద్దు కోరుతూ దరఖాస్తు ఏ తేదీన ఇచ్చారు" అనే. వాళ్లు ఫారం ఇవ్వకుండా తిప్పుతున్నది అందుకే అని నా అనుమానం.

ఫారం అక్కర్లేదు. తెల్ల కాగితం చాలు. తమ్ముడి పేరు, అడ్మిషన్ నంబరు, బ్రాంచి, చేరిన తేదీ, ఆఖరిసారి క్లాసుకి వెళ్లిన తేదీ, ఎంతెంత ఎప్పుడు కట్టారో రసీదు నంబర్లతో సహా, ఫీజు వాపసు కావాలి, ఒరిజినల్స్ వెనక్కి కావాలి, డబ్బు పడాల్సిన ఖాతా నంబరు. ఇంతే. కథంతా రాయొద్దు, కోపం అసలే వద్దు. విద్యార్థి సంతకం, తండ్రి సంతకం. రిజిస్ట్రార్‌కి, అడ్మిషన్స్‌కి, అకౌంట్స్‌కి ముగ్గురికీ ఒకే మెయిల్. నేను ఇరవై రెండేళ్లుగా ఇంటర్ పిల్లలకి లెక్కలు చెబుతున్నాను, ప్రతి సెప్టెంబర్‌లో నా దగ్గరికి ఇలాంటి తల్లిదండ్రులు ఇద్దరు ముగ్గురైనా వస్తారు, దాదాపు అందరూ కాగితం ఇవ్వకుండానే నెలలు గడిపేసి ఉంటారు.

గోదారి_గట్టు | 22 సెప్టెంబర్, మధ్యాహ్నం 12:40

మాస్టారు చెప్పింది అక్షరాలా నిజం అక్కా, నేను మోసపోయింది సరిగ్గా అక్కడే. 2019లో డిగ్రీలో చేరి పది రోజులకే మానేశాను, ఇంట్లో పరిస్థితి బాగాలేక. ఆఫీసులో చెప్పాను, "చూద్దాం" అన్నారు. మా హెచ్‌ఓడీకి కూడా చెప్పాను. అందరికీ చెప్పాను కదా, అందరికీ తెలుసు కదా అనుకున్నాను. తీరా ఒకరెవరో చెబితే యూజీసీ రూల్ పట్టుకుని దరఖాస్తు రాసి ఇచ్చేసరికి అడ్మిషన్లకి ప్రకటించిన ఆఖరు తేదీ దాటి 34 రోజులైంది. 2018 రూలు ఏంటంటే, ఆఖరు తేదీకి 15 రోజులో అంతకంటే ఎక్కువో ముందు ఇస్తే నూటికి నూరు శాతం, 15 రోజుల లోపైతే 90, ఆఖరు తేదీ దాటాక 15 రోజుల దాకా 80, 16 నుంచి 30 రోజుల మధ్య 50, ముప్పై దాటితే సున్నా. నాకు సున్నా. నాలుగు రోజుల తేడా. కాషన్ డిపాజిట్ 3,000 మాత్రం ఇచ్చారు, అది ఫీజు కింద రాదు, ఎప్పుడైనా పూర్తిగా ఇవ్వాల్సిందే కాబట్టి.

ఆ 34 అనే అంకె ఇప్పటికీ నాకు గుర్తుంది. మీకు టైముంది, వదులుకోకండి.

మాజీ_కౌంటర్ | 22 సెప్టెంబర్, మధ్యాహ్నం 2:15

నేను ఒక ప్రైవేటు ఇంజనీరింగ్ కాలేజీ ఆఫీసులో ఆరేళ్లు అడ్మిషన్స్ కౌంటర్‌లో పనిచేశాను, ఇప్పుడు మానేశాను. లోపల ఎలా ఉంటుందో చెబితే మీకు పనికొస్తుంది.

సీటు వదులుకునే పిల్లల దరఖాస్తు, వచ్చిన కాగితాలు రాసుకునే ఇన్‌వార్డ్ రిజిస్టర్‌లో ఎక్కించొద్దని మాకు నోటిమాటగా చెప్పేవాళ్లు. రిజిస్టర్‌లో ఎక్కితే నంబరు పడుతుంది, నంబరు పడితే తేదీ పడుతుంది, ఆ తేదీని ఎవరూ చెరపలేరు. అందుకే "ప్రిన్సిపాల్ గారు మీటింగ్‌లో ఉన్నారు", "ఏఓ గారు సెలవు", "మీ నాన్నగారిని తీసుకురా", "నో డ్యూస్ చేయించుకుని రా". నో డ్యూస్, అంటే బాకీలేమీ లేవన్న కాగితం మీద లైబ్రరీ, ల్యాబు, హాస్టల్, ట్రాన్స్‌పోర్ట్, మొత్తం తొమ్మిది సంతకాలు ఉండేవి, అందులో ఒకాయన ఎప్పుడూ దొరికేవాడు కాదు. ఒక అమ్మాయి ఆ తొమ్మిదో సంతకం కోసం పదకొండు రోజులు బస్సులో వచ్చి వెళ్లింది. ఆ పిల్లకి "మీరు ఈ కాగితం పోస్టులో పంపేయండమ్మా" అని ఆ రోజు నేను చెప్పలేకపోయాను, ఉద్యోగం పోతుందని. ఇప్పుడు మీకు చెబుతున్నాను.

రేపు సోమవారం కాపీలు రెండు పట్టుకెళ్లండి. ఒకదాని మీద ముద్ర, తేదీ, సంతకం అడగండి. వేయకపోతే గొడవ పడొద్దు, బయటికొచ్చి దగ్గర్లో ఉన్న పోస్టాఫీసులో అదే కాగితం స్పీడ్ పోస్ట్ చేయండి, డెలివరీ రుజువుతో. ఆ రసీదుని ఎండలో పెట్టొద్దు, అక్షరాలు ఎగిరిపోతాయి, వెంటనే ఫొటో తీసుకోండి. వీలైతే ఇంటికి వచ్చాక "ఈ రోజు 11 గంటలకి ఇవ్వబోతే ఫలానా సెక్షన్‌లో తీసుకోలేదు" అని రెండు వాక్యాలు మళ్లీ మెయిల్ పెట్టండి.

పెద్దక్క_92 | 22 సెప్టెంబర్, సాయంత్రం 5:50

మెయిల్ పంపేశాం, ముగ్గురికీ. రిజిస్ట్రార్ ఆఫీసు నుంచి "మీ మెయిల్ అందింది" అని ఆటోమేటిక్ జవాబు కూడా వచ్చింది, స్క్రీన్‌షాట్ తీశాను. మాస్టారూ, మాజీ కౌంటర్ గారూ, మీకు ఎలా చెప్పాలో తెలియట్లేదు. రేపు నేనే సెలవు పెట్టి వెళ్తున్నాను.

కానీ ఆ అండర్‌టేకింగ్ సంగతేంటి? నాన్న సంతకం ఉంది కదా, దానికి భయపడే ఆయన మాట్లాడలేకపోతున్నారు.

హైకోర్టు_మెట్లు | 22 సెప్టెంబర్, రాత్రి 8:10

వృత్తిరీత్యా అడ్వకేట్‌ని. మూడు విషయాలు వేరుచేసి చూడండి, కాలేజీ వాళ్లు మూడూ కలిపి మిమ్మల్ని భయపెడుతున్నారు.

ఒకటి, ఫీజు వాపసు. యూజీసీ నిబంధన యూనివర్సిటీలకీ, వాటికి అనుబంధంగా ఉన్న కాలేజీలకీ, డీమ్డ్ యూనివర్సిటీలకీ వర్తిస్తుంది. "మేం ప్రైవేటు, మాకు వర్తించదు" అంటే ఆ మాట రాసి ఇమ్మనండి. రసీదు వెనక అచ్చు వేసుకున్న వాక్యం యూజీసీ నిబంధన కంటే పెద్దది కాదు.

రెండు, మిగతా సంవత్సరాల ఫీజు. ఒక సెమిస్టర్‌కో ఒక ఏడాదికో మించి ముందే ఫీజు వసూలు చేయడాన్ని అదే 2018 నోటిఫికేషన్ నిషేధించింది. సాంకేతిక విద్యని నియంత్రించే ఏఐసీటీఈ కూడా తన ఆమోదం ఉన్న సంస్థలకి, అడ్మిషన్ రద్దు చేసుకున్న విద్యార్థిని తర్వాతి సంవత్సరాల ఫీజు అడగకూడదని చెబుతోంది. ఇక్కడ నిజాయితీగా ఒక మాట చెప్పాలి. సుప్రీంకోర్టు 2003లో ఇస్లామిక్ అకాడమీ కేసులో, విద్యార్థి మధ్యలో వెళ్లిపోతాడన్న అనుమానం ఉంటే సంస్థ బాండ్ గానీ బ్యాంక్ గ్యారంటీ గానీ తీసుకోవచ్చని అంది. కాలేజీల లాయర్లు ఆ ఒక్క వాక్యాన్నే పట్టుకుంటారు. అదే తీర్పులో ఏడాదికో సెమిస్టర్‌కో మించి ఫీజు ముందే తీసుకోకూడదని కూడా ఉంది. పైగా 2024 సెప్టెంబర్ 30 లోపు వెళ్లిపోయే పిల్లల గురించి యూజీసీ ఇంత స్పష్టంగా చెప్పాక ఆ అండర్‌టేకింగ్‌ని పట్టుకుని కోర్టుకి వెళ్లే ధైర్యం చాలా సంస్థలకి ఉండదు. నాన్నగారికి చెప్పండి, సంతకం పెట్టినంత మాత్రాన ఎవరూ రేపు ఇంటికొచ్చి జప్తు చేయరు, వాళ్లు దావా వేయాలి, నిరూపించాలి.

మూడు, సర్టిఫికెట్లు. ఇది అన్నిటికంటే బలమైన పాయింటు. కాలేజీ ఒరిజినల్స్ చూసి, సరిపోల్చుకుని, అక్కడికక్కడే తిరిగి ఇచ్చేయాలి. స్వయంగా అటెస్ట్ చేసిన కాపీలు మాత్రమే ఉంచుకోవాలి. చదవని కోర్సుకి ఫీజు కట్టించుకోవడం కోసం సర్టిఫికెట్లు ఆపడాన్ని యూజీసీ 2023 విద్యార్థుల ఫిర్యాదుల నిబంధనలు పేరుపెట్టి ఫిర్యాదుగా గుర్తించాయి. మీ తమ్ముడి ఇంటర్ మెమో తాకట్టు పెట్టుకునే వస్తువు కాదు. 2000లో ఒక లాయరు ఫీజు కోసం క్లయింటు ఫైళ్లు ఆపుకుంటే, అవి "సరుకు" కిందికి రావు, వాటి మీద తాకట్టు హక్కు ఉండదని సుప్రీంకోర్టు చెప్పింది. సర్టిఫికెట్ల కేసుల్లో నేను ఆ తర్కాన్నే వాడతాను.

అందుకే మెయిల్‌లో ఫీజునీ సర్టిఫికెట్లనీ ముడిపెట్టొద్దు. రెండూ వేర్వేరు అభ్యర్థనలుగా ఉండాలి.

నాన్న_గా | 22 సెప్టెంబర్, రాత్రి 9:30

కన్జ్యూమర్ కోర్టులో వేయండి, నేను మా అమ్మాయి కోచింగ్ ఫీజు అలాగే రాబట్టాను. వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేసి ఫిర్యాదు రాయించాను, నెల తిరక్కుండానే దిగొచ్చారు.

హైకోర్టు_మెట్లు | 22 సెప్టెంబర్, రాత్రి 9:52

కోచింగ్‌కి అది సరైన దారే. కాలేజీకి కాదు, ఇక్కడ చాలామంది ఆర్నెల్లు పోగొట్టుకుంటున్నారు. 2020 జనవరిలో జాతీయ వినియోగదారుల కమిషన్ పెద్ద బెంచి, విద్యాసంస్థలు వినియోగదారుల చట్టం కిందికి రావని చెప్పింది, కోచింగ్ సెంటర్లకి మాత్రం ఆ మినహాయింపు ఇవ్వలేదు. కోచింగ్ వాళ్లకి 2024 జనవరిలో కేంద్రం ఇచ్చిన మార్గదర్శకాలు కూడా ఉన్నాయి, మధ్యలో మానేస్తే మిగిలిన కాలానికి లెక్కగట్టి పది రోజుల్లో ఫీజు ఇవ్వాలి, వాళ్ల హాస్టల్‌లో ఉంటే హాస్టల్, మెస్ డబ్బు కూడా. కాలేజీ విషయంలో మాత్రం ముందు ఆ సంస్థలోనే ఉండే ఎస్‌జీఆర్‌సీ, అంటే విద్యార్థుల ఫిర్యాదుల కమిటీ, తర్వాత దాని మీద అప్పీలు వినే అంబుడ్స్‌పర్సన్, దాంతోపాటే యూజీసీ ఫిర్యాదుల పోర్టల్ ఈ-సమాధాన్, ఏదీ పనిచేయకపోతే హైకోర్టులో రిట్ పిటిషన్. ఈ వరుసలో వెళ్లండి.

క్లాస్‌రూమ్_లోపల | 23 సెప్టెంబర్, ఉదయం 7:05

అందరూ ఒకవైపే మాట్లాడుతున్నారు కాబట్టి ఇంకోవైపు కూడా రాస్తాను, దయచేసి కోప్పడకండి. నేను ఒక చిన్న ఇంజనీరింగ్ కాలేజీలో అసిస్టెంట్ ప్రొఫెసర్‌ని. మా సెక్షన్‌లో 60 మంది చేరితే ఆగస్టు అయ్యేసరికి 49 మంది మిగిలారు. ఆ పదకొండు సీట్లలో మళ్లీ ఎవరూ చేరరు, కౌన్సెలింగ్ అయిపోయింది. ఒక్కో సీటు అంటే మాకు నాలుగేళ్ల ఆదాయం. ఫీజు రీయింబర్స్‌మెంట్ డబ్బులు ప్రభుత్వం నుంచి ఎప్పుడొస్తాయో తెలియదు. మాకు జీతాలు రెండు నెలలుగా రాలేదు. ఒకే పిల్లవాడు మూడు చోట్ల సీటు పట్టుకుని రెండు వదిలేస్తే, ఆ రెండు సీట్లు దక్కాల్సిన ఇంకో ఇద్దరు పిల్లలు ఎక్కడో ఇష్టంలేని బ్రాంచిలో కూర్చుంటారు. ఇది కూడా అన్యాయమే కదా?

మాజీ_కౌంటర్ | 23 సెప్టెంబర్, ఉదయం 8:20

సార్, మీ జీతం రాకపోవడం నాకు తెలిసిన బాధే, మాకూ ఆగేవి. మీరన్న నష్టం నిజమే, కాదనను. కానీ ఆ నష్టాన్ని పూడ్చాల్సింది గాజులు తాకట్టు పెట్టిన తల్లా? కౌన్సెలింగ్‌లు ఒకదాని తర్వాత ఒకటి, ఒకదానితో ఒకటి సంబంధం లేకుండా పెట్టింది తల్లిదండ్రులు కాదు. జూన్‌లోనే మొత్తం ఏడాది ఫీజు కట్టకపోతే సీటు పోతుందని ఫోన్లు చేసింది మా కౌంటర్ నుంచే, నేనే చేశాను రోజుకి అరవై ఫోన్లు. పైగా మొదటి ఏడాది మిగిలిన ఖాళీలు రెండో ఏడాదిలో ఈసెట్ రాసి వచ్చే డిప్లొమా పిల్లలతో నింపుకునే వీలుంది, నాలుగేళ్లూ సీటు ఖాళీగా ఉంటుందన్నది అన్ని బ్రాంచిలకీ నిజం కాదు. మీ గొడవ మేనేజ్‌మెంట్‌తో, ప్రభుత్వంతో. అందులో మీకు నా మద్దతు పూర్తిగా ఉంటుంది.

క్లాస్‌రూమ్_లోపల | 23 సెప్టెంబర్, ఉదయం 8:44

సర్టిఫికెట్లు ఆపడం తప్పు, అది నేనూ ఒప్పుకుంటాను. నా స్టూడెంట్ ఒకడు ఇంటర్ మెమో లేక ఒక ఉద్యోగం పోగొట్టుకున్నాడు.

పెద్దక్క_92 | 23 సెప్టెంబర్, రాత్రి 7:15

వెళ్లొచ్చాను. మాజీ కౌంటర్ గారు చెప్పినట్టే జరిగింది, మాట కూడా మారలేదు. కౌంటర్‌లో ఉన్నావిడ కాగితం చదివింది, ముద్ర పక్కనే ఉంది, ఇంకు ప్యాడ్ మూత తీసే ఉంది, చేయి దాని దాకా వెళ్లింది కూడా. లోపల్నుంచి ఎవరో పిలిస్తే వెళ్లి వచ్చి, కాగితం నా వైపు నెట్టి "తీసుకోవద్దన్నారండీ" అంది. ఆవిడ ముఖం చూస్తే నాకు కోపం కూడా రాలేదు. బయట పోస్టాఫీసులో స్పీడ్ పోస్ట్ చేశాను. మెయిల్ కూడా పెట్టాను, ఈ రోజు 12:10కి తీసుకోలేదని.

బ్యాంకు_బల్ల | 24 సెప్టెంబర్, ఉదయం 9:00

ఇక్కడ చదివేవాళ్ల కోసం ఒక చిన్న మాట. ఎడ్యుకేషన్ లోన్ తీసుకుని ఫీజు కట్టినవాళ్లు ఉంటే, కోర్సు మానేసిన రోజే మీ బ్రాంచికి కూడా కాగితం ఇవ్వండి. వాపసు డబ్బు లోను ఖాతాలోకే రావాలని కాలేజీకి రాయండి. కొందరు చెప్పకుండా ఊరుకుంటారు, వడ్డీ పెరుగుతూనే ఉంటుంది, కొత్త కాలేజీకి లోను అడిగేసరికి పాతది చిక్కుముడి అవుతుంది. బంగారం లోను అయినా వడ్డీ తిరుగుతూనే ఉంటుంది కదమ్మా, నెలనెలా వడ్డీ కట్టిన రసీదులు దాచుకోండి.

పెద్దక్క_92 | 9 అక్టోబర్, రాత్రి 10:20

కొన్నాళ్లు రాయలేదు, క్షమించండి. సెప్టెంబర్ 27న వాళ్ల నుంచి ఒక లైను మెయిల్ వచ్చింది, "అండర్‌టేకింగ్ ప్రకారం పరిశీలిస్తాం" అని. దరఖాస్తు అందిన 15 రోజుల్లో డబ్బు ఇవ్వాలి కదా, ఆ గడువు అయిపోయింది. ఎస్‌జీఆర్‌సీకి ఫిర్యాదు మెయిల్ 28నే పంపాం, ఈ-సమాధాన్‌లో కూడా అదే రోజు పెట్టాం, నంబరు వచ్చింది.

ఈ రోజు మధ్యాహ్నం ఏఓ గారు నాన్నకి ఫోన్ చేశారు. చాలా మర్యాదగా మాట్లాడారట. "మీ అబ్బాయి భవిష్యత్తు కదండీ, లక్షా ఇరవై వేలు ఇస్తాం, ఒరిజినల్స్ అదే రోజు ఇస్తాం, వంద రూపాయల స్టాంప్ పేపర్ మీద ఇంకేమీ అడగమని రాసివ్వండి" అని. నాన్న వెళ్లిపోదామంటున్నారు. 15వ తేదీ దగ్గరికి వచ్చేసింది, మెమో లేకపోతే సీటు పోతుందని ఆయన భయం. రాత్రి అన్నం కూడా తినలేదు. నేను ఆపుతున్నాను, కానీ నేను ఆపి, రేపు తమ్ముడి సీటు పోతే? ఆ బరువు నేను మోయగలనా?

లెక్కల_మాస్టారు | 9 అక్టోబర్, రాత్రి 10:45

ముందు ఎన్‌ఐటీ వాళ్లని అడిగావా అమ్మా? అకడమిక్ డీన్‌కి తమ్ముడి చేత ఒక మెయిల్ పెట్టించు. ఈ-సమాధాన్ ఫిర్యాదు కాపీ జతచేసి, పాత కాలేజీ ఒరిజినల్స్ ఇవ్వడం లేదు, ఇంకొంత గడువు కావాలని. ప్రతి ఏడాది ఇలాంటి పిల్లలు వాళ్లకి తగులుతూనే ఉంటారు. భయంతో సంతకం పెట్టే ముందు ఆ భయం ఎంతవరకు నిజమో కనుక్కోవాలి.

హైకోర్టు_మెట్లు | 9 అక్టోబర్, రాత్రి 11:15

వాళ్లే ఫోన్ చేశారంటే ఫిర్యాదు వాళ్ల బల్ల మీదకి చేరిందన్నమాట. సంతకం పెట్టొద్దు. ఫోన్‌లో చెప్పింది గాలిలో పోకుండా మీరే మెయిల్ రాయండి, "ఈ రోజు ఇన్ని గంటలకి మీ ఏఓ గారు మా నాన్నగారికి ఫోన్ చేసి, ఇంకేమీ అడగమని రాసిస్తేనే ఒరిజినల్స్ ఇస్తామన్నారు, మేము ఒప్పుకోవడం లేదు, ఒరిజినల్స్ షరతు లేకుండా ఇవ్వండి" అని. ఎస్‌జీఆర్‌సీకి, యూజీసీకి కాపీ. ఆ ఒక్క మెయిల్‌తో షరతు పెట్టిన సంగతి రికార్డులోకి ఎక్కుతుంది. ఇవ్వకపోతే ఒరిజినల్స్ కోసం ఒక్కదానికే రిట్ వేయొచ్చు. డబ్బు గురించి భయపడేవాళ్లకి ఇంకో మాట, జిల్లా న్యాయసేవాధికార సంస్థలో ఎస్సీ, ఎస్టీలకీ, ఆడపిల్లలకీ ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు.

పెద్దక్క_92 | 11 అక్టోబర్, మధ్యాహ్నం 1:05

డీన్ ఆఫీసు నుంచి జవాబొచ్చింది. అక్టోబర్ 31 దాకా గడువు ఇచ్చారు. నాన్నకి ఆ మెయిల్ రెండుసార్లు చదివి వినిపించాను. ఏఓ గారి ఫోన్ గురించి మెయిల్ కూడా వెళ్లింది.

గోదారి_గట్టు | 11 అక్టోబర్, మధ్యాహ్నం 1:20

అక్కా, కళ్లు చెమర్చాయి. పండగ బాగా చేసుకోండి.

పెద్దక్క_92 | 25 అక్టోబర్, సాయంత్రం 6:30

వరుసగా చెబుతాను. 17న ఎస్‌జీఆర్‌సీ పిలిచింది. గదిలో ఐదుగురు ప్రొఫెసర్లు, ఒక స్టూడెంట్ ఉన్నారు. తమ్ముడు తేదీల వారీగా అంతా ఒకే పేజీలో రాసుకుని వెళ్లాడు, మెయిల్, పోస్టు రసీదు, ఫోన్ గురించి రాసిన మెయిల్. ఛైర్మన్ గారు ఎక్కువ మాట్లాడలేదు, "22న మెయిల్ మన రిజిస్ట్రార్‌కి అందింది కదా" అని పక్కనున్నాయన్ని అడిగారు. ఆయన అవునన్నారు. ఆ ఆటోమేటిక్ జవాబు అంత పనిచేస్తుందని నేను అనుకోలేదు. బయటికి వచ్చేటప్పటికే ఒరిజినల్స్ చేతికిచ్చారు, సంతకం ఒక్క అక్నాలెడ్జ్‌మెంట్ మీదే. టెన్త్ మెమో మూల మీద ఎవరో పిన్ను గుచ్చారు, తమ్ముడు దాన్ని బస్సులో దారంతా వేలితో సరిచేస్తూనే ఉన్నాడు.

నిన్న ఖాతాలో ట్యూషన్ 2,40,000, కాషన్ డిపాజిట్ 10,000 పూర్తిగా పడ్డాయి. హాస్టల్, మెస్ మాత్రం సగమే, 57,500 ఇచ్చారు, మిగతాది ఒక సెమిస్టర్‌కి పట్టుకున్నామన్నారు. వాడు ఉన్నది ఆగస్టు 5 నుంచి 21 వరకు, పదిహేడు రోజులు. ఉన్న రోజులకి తీసుకోండి, న్యాయమే, కానీ సెమిస్టర్ మొత్తానికా? నిర్ణయం అందిన 15 రోజుల్లో అంబుడ్స్‌పర్సన్‌కి అప్పీలు చేసుకోవచ్చు కదా, అది రాస్తున్నాం. అమ్మ గొలుసు ఈ రోజు ఉదయం విడిపించాం, గాజులు ఇంకా బ్యాంకులోనే ఉన్నాయి.

హైకోర్టు_మెట్లు | 25 అక్టోబర్, రాత్రి 8:00

హాస్టల్ విషయంలో ట్యూషన్ అంత గట్టి రూలు లేదు, అందుకే జాగ్రత్తగా రాయండి. మొత్తం ఇవ్వమని అడగకండి. పదిహేడు రోజులకి హాస్టల్ అద్దె ఎంత, మెస్ ఎంత అని వాళ్ల రేట్ల ప్రకారమే లెక్కవేసి, ఆ మొత్తం పోను మిగతాది అడగండి. ఏఐసీటీఈ కూడా సీటు నిండిన సందర్భంలో నెలల లెక్కన హాస్టల్ అద్దె తగ్గించుకోమనే అంటుంది, ఆ ధోరణిని చూపించండి.

కొత్త_సభ్యురాలు | 29 అక్టోబర్, ఉదయం 11:10

ఈ పోస్టులన్నీ ఇప్పుడే చదివాను. మా చెల్లి సంగతి కూడా ఇంతే, బీఎస్సీలో చేరింది, ఆరోగ్యం బాగాలేక నెల నుంచి కాలేజీకి వెళ్లట్లేదు, మళ్లీ వెళ్లే పరిస్థితి లేదు. క్లాస్ టీచర్‌కి ఫోన్‌లో చెప్పాం. కాగితం ఇవ్వలేదు. దీపావళి అయ్యాక వెళ్లి ఇద్దామనుకుంటున్నాం, పర్వాలేదా?

పెద్దక్క_92 | 29 అక్టోబర్, ఉదయం 11:16

వద్దండీ, పండగ దాకా ఆగొద్దు. 31నే దీపావళి, ఆ రోజు ఆఫీసు ఉండదు, వెయ్యి రూపాయలతో పోయే గడువు కూడా ఆ రోజుతోనే ఆఖరు. ఇప్పుడే మెయిల్ పెట్టండి, ఈ మధ్యాహ్నమే స్పీడ్ పోస్ట్ చేయండి, రేపు నేరుగా వెళ్లి ముద్ర వేయించుకోండి. మా తమ్ముడు రాసిన దరఖాస్తు నా దగ్గర ఉంది, పేరూ నంబర్లూ తీసేసి పది నిమిషాల్లో ఇక్కడే పెడతాను. మీ రసీదులు దగ్గర పెట్టుకుని కూర్చోండి.